స్కైడైవింగ్ అంటే దూకడమేనా?

"వచ్చే శుక్రవారం మనమందరం కలిసి స్కైడైవింగ్ చేస్తున్నాం!"

మా మేనేజరు ఈ మాట అనగానే మీటింగు రూములో ఉన్న 14 మందిమీ తలలెత్తాం. టీం ఔటింగేమోనని ఒకరిద్దరు సంబరపడ్డారు కూడా. తెర మీద ఓ ఫొటో. నీలాకాశం, చేతులు బార్లా చాపి గాల్లో తేలుతున్న మనిషి, కింద మబ్బులు. తీరా చూస్తే సంగతేంటంటే, శుక్రవారం రాత్రి రిలీజు. టెస్టింగు సగంలో ఉంది. ఏదన్నా తేడా కొడితే పాత వెర్షనుకి వెనక్కెళ్ళే దారి ఎవరూ రాసిపెట్టలేదు. ఆ విషయం మా టీములో ఒకమ్మాయి అడిగితే దానికొచ్చిన సమాధానమే ఈ ఫొటో. దూకేముందు మరీ ఎక్కువ ఆలోచిస్తే ఎవరూ దూకలేరు, ధైర్యం చెయ్యాలి, అని దాని సారాంశం.

అందరూ చప్పట్లు కొట్టారు. నేనూ కొట్టాను. అదే ఇప్పుడు ఇదంతా రాయడానికి కారణం. ఎందుకంటే ఆ గదిలో నిజంగా విమానంలోంచి దూకినవాణ్ణి బహుశా నేనొక్కణ్ణే. ఆ మాటకి అర్థం అది కాదని తెలిసి కూడా నోరు మెదపలేదు.

ముందు నా గొప్పతనం ఎంతో చెప్పేస్తాను, మళ్ళీ మీరు ఎక్కువ ఊహించుకోకుండా. రెండేళ్ళ క్రితం స్నేహితులతో దుబాయ్ వెళ్ళినప్పుడు పామ్ జుమేరా మీద టాండెమ్ దూకాను. టాండెమ్ అంటే కంగారూ పిల్ల టైపు. మన వెనకాల ఒక ఇన్‌స్ట్రక్టర్ ఉంటాడు, ఆయన పట్టీలకి మన పట్టీలు నాలుగు చోట్ల బిగిస్తారు, పారాచూట్ ఆయన వీపు మీద ఉంటుంది. సుమారు 13,000 అడుగుల ఎత్తులో తలుపు దాటుతాం, నిమిషం లోపు గాల్లో పడతాం, 5,000 అడుగుల దగ్గర గొడుగు విచ్చుకుంటుంది, తర్వాత ఓ అయిదారు నిమిషాలు తాపీగా దిగుతాం. ఇందులో మన పని నోరు మూసుకుని చెప్పినట్టు కాళ్ళు ముడవడం. సూటిగా చెప్పాలంటే నేను స్కైడైవరుని కాదు, సామాను.

కానీ ఆ రోజు నాకు బాగా గుర్తుండిపోయింది దూకడం కాదు. దూకకముందు జరిగిన తతంగం. బోలెడు కాగితాల మీద సంతకాలు, బరువు చూడటం, నేల మీద ప్రాక్టీసు, పట్టీలు బిగించిన వాడు ఒకసారి, విమానం ఎక్కేముందు ఒకసారి, తలుపు తీసేముందు ఇంకోసారి చెక్ చెయ్యడం. "ఎన్నిసార్లు చూస్తావు బాబూ" అని నాకే విసుగొచ్చింది. ఫొటోలో ఇవేవీ ఉండవు. చేతులు బార్లా చాపడం ఒక్కటే ఉంటుంది. నా ఉద్దేశంలో ఆ మాటలో కూడా అదే లోపం ఉంది.

పాత మాట పారాచూట్ తీసుకోండి. (మనకైతే చిన్నప్పట్నుంచీ పారాచూట్ అంటే నీలం డబ్బా కొబ్బరినూనె, అది వేరే సంగతి.) అది ఫ్రెంచి నుంచి వచ్చింది. పారా అంటే అడ్డుకునేది, కాపాడేది. షూట్ అంటే పడటం. పడకుండా కాపాడేది అన్నమాట. ఎండని ఆపే గొడుగుని పారసోల్ అన్నట్టే ఇదీ. 18వ శతాబ్దం చివర్లో లెనోర్మాండ్ అనే ఫ్రెంచాయన పెట్టిన పేరు. 1797 అక్టోబరు 22న గార్నెరాన్ అనే ఆయన పారిస్‌లో బెలూను నుంచి ఇలాంటి గొడుగుతో దిగి చూపించాడు. ఆ పేరులో ప్రమాదమూ ఉంది, రక్షణా ఉంది.

ఇక స్కైడైవింగ్ చాలా కొత్త మాట, 1950ల్లో వాడుకలోకి వచ్చింది. అంతకుముందు మనిషి విమానంలోంచి దూకి కాసేపు వట్టిగా పడితే స్పృహ తప్పుతుందనీ, తాడు లాగే తెలివి ఉండదనీ చాలామంది నమ్మేవారు. 1919 ఏప్రిల్ 28న లెస్లీ ఇర్విన్ అమెరికాలోని ఒహాయోలో దూకి, గాల్లో తనే తాడు లాగి, ఆ భయం ఉత్తిదని తేల్చాడు. (కాలి చీలమండ విరిగింది, అది దిగినప్పుడు!) తర్వాత్తర్వాత ఆ పడే కాసేపట్లో ఒంటిని అదుపులో పెట్టుకోవడం, తిరగడం, పక్కవాడి దగ్గరకి వెళ్ళి చెయ్యి పట్టుకోవడం నేర్చుకున్నారు. ఆ విద్యకి ఒక పేరు కావాల్సొచ్చింది. ఈతగాళ్ళ డైవ్‌ని తెచ్చి ఆకాశానికి అతికించారు. కాబట్టి పుట్టుకలో అది తప్పు మాటేం కాదు. కాకపోతే అందులో గొడుగు మాయమైంది. నేల కూడా మాయమైంది. పెళ్ళికి ఊరేగింపు అని పేరు పెట్టినట్టుంది.

తమాషా ఏంటంటే ఆ ఆట ఆడేవాళ్ళు కూడా దీనిమీద ఒక్క మాట మీద లేరు. అమెరికాలో వాళ్ళ సంఘం పేరు ఇప్పటికీ యునైటెడ్ స్టేట్స్ పారాచూట్ అసోసియేషన్. కానీ ఆ సంఘం వేసే నియమాల పుస్తకం పేరు స్కైడైవర్స్ ఇన్ఫర్మేషన్ మాన్యువల్. బ్రిటన్ వాళ్ళు మాత్రం తమ సంఘం పేరులో పారాచూట్ తీసేసి బ్రిటిష్ స్కైడైవింగ్ అని మార్చేసుకున్నారు. ఎన్నిసార్లు చేశావని అడిగితే మాత్రం ఎవరూ డైవుల లెక్క చెప్పరు, జంపుల లెక్కే చెప్తారు. డైవ్ అనే మాట వాళ్ళు గట్టిగా వాడే ఒక చోటు నాకు భలే నచ్చింది. నలుగురు కలిసి దూకేముందు, ఎవరు ఎటు తిరగాలో, ఎవరి చెయ్యి ఎవరు పట్టుకోవాలో నేల మీదే నడిచి రిహార్సల్ వేసుకుంటారు. దాన్ని డర్ట్ డైవ్ అంటారు. అంటే మట్టిలో డైవ్. మా మేనేజరు ఫొటోలో ఇది ఉండుంటే ఎంత బావుండేదో!

సరే, మనవాళ్ళ వాడుక సంగతికొద్దాం. గాల్లో ఏం చేసినా స్కైడైవింగే మనకి.

గోవాలోనో వైజాగ్‌లోనో పడవకి తాడు కట్టి గొడుగుతో పైకి లాగితే అది పారాసెయిలింగ్. అక్కడ దూకడమే లేదు. బిర్ బిల్లింగ్‌లో కొండ మీద నుంచి పరిగెత్తి, ముందే విచ్చుకుని ఉన్న రెక్కతో ఎగిరితే అది పారాగ్లైడింగ్. అక్కడ పడటం లేదు, తేలడమే. మేడ మీద నుంచో, టవరు మీద నుంచో, వంతెన మీద నుంచో, కొండ మీద నుంచో దూకితే అది బేస్ జంపింగ్. ఆ నాలుగింటి ఇంగ్లీషు పేర్ల మొదటి అక్షరాలు కలిపితేనే బేస్ అయ్యింది. సైన్యంలో పారాట్రూపర్లు మామూలుగా దూకేది ఇంకోరకం. గొడుగు తెరిచే తాడు విమానానికే కట్టి ఉంటుంది, దూకగానే దానంతటదే తెరుచుకుంటుంది. మన వాయుసేన వాళ్ళ ఆకాశ్ గంగ జట్టు, 1987లో ఆగ్రాలో మొదలైంది, వాళ్ళు చేసేది మాత్రం అసలు సిసలు స్కైడైవింగ్. ఇవన్నీ కాక ఇండోర్ స్కైడైవింగ్ అని ఒకటి. నిలువు గొట్టంలో కింద నుంచి గాలి కొడితే మనిషి దాని మీద తేలతాడు. మన హైదరాబాద్‌లో గండిపేట వైపు కూడా ఒకటి పెట్టారు. అందులో స్కై లేదు, డైవూ లేదు, అయినా స్కైడైవింగే!

పేరులో ఏముందిలే అంటారా? మా ఆఫీసతనొకడు టీం ఔటింగులో పారాసెయిలింగ్ చేస్తూ, బీచ్‌లో దిగేటప్పుడు కాలు బెణికించుకున్నాడు. ఇన్సూరెన్స్ ఫారంలో ఎలా జరిగిందన్న చోట గొప్పగా ఉంటుందని కాబోలు స్కైడైవింగ్ అని రాశాడు. ఇక చూడండి, మూడు వారాల పాటు ఫోన్లు, మెయిళ్ళు, వివరణలు. ఆ గొడవ చూశాక నా హెల్త్ పాలసీ తీసి మొదటిసారి పూర్తిగా చదివాను. కవర్ కాని వాటి జాబితాలో సాహస క్రీడలున్నాయి. పారా జంపింగ్ అని ఒకటి, స్కై డైవింగ్ అని విడిగా ఇంకోటి, రెండూ ఉన్నాయి. మధ్యలో హ్యాండ్ గ్లైడింగ్ అని కూడా ఉంది (హ్యాంగ్ గ్లైడింగ్‌కి వచ్చిన తిప్పలు అయ్యుండాలి). అయితే ఆ వాక్యంలో అన్నిటికన్నా విలువైన మాట ఇంకోటుంది, ప్రొఫెషనల్. వృత్తిగా చేస్తేనే ఆ మినహాయింపు అని. అంటే నాలాంటి సామానుకి అది వర్తించదన్నమాట. ట్రావెల్ ఇన్సూరెన్స్‌కీ, ప్రమాద బీమాకీ షరతులు వేరుగా ఉండొచ్చు, ఎవరిది వాళ్ళు చదువుకోవాల్సిందే. కోడులో ఒక్క కామా తేడా వస్తే గంటలు గంటలు వెతికే మనం, డబ్బుతో ముడిపడ్డ మాటల్ని మాత్రం స్క్రోల్ చేసి ఒప్పుకున్నామని టిక్కు కొట్టేస్తాం.

పేర్లు కలిపేస్తే జరిగే ఇంకో నష్టం, దేని ప్రమాదం దేనికో అంటుకోవడం. ఫెలిక్స్ బామ్‌గార్ట్‌నర్ గుర్తున్నాడు కదా, 2012 అక్టోబరు 14న 39 కిలోమీటర్ల ఎత్తు నుంచి దూకి ధ్వని వేగాన్ని దాటినాయన. 2025 జులైలో ఇటలీలో చనిపోయాడు. ప్రసిద్ధ స్కైడైవర్ మృతి అని చెవిన పడగానే ఎవరైనా ఏమనుకుంటారు? కానీ ఆయన పోయింది మోటారు బిగించిన పారాగ్లైడర్ కూలి. పరికరం వేరు, ఎత్తు వేరు, ప్రమాదం వేరు.

ఇక మన ఇంజినీర్లం కూడా తక్కువేం తినలేదు. ఫ్రీ ఫాల్ అన్న మాట చూడండి. ఇంటర్ ఫిజిక్సులో ఫ్రీ ఫాల్ అంటే గురుత్వాకర్షణ తప్ప ఇంకే బలమూ లేకుండా పడటం. స్కైడైవర్ల ఫ్రీ ఫాల్ అది కాదు. వాళ్ళకి గొడుగు తెరవకముందు పడేదంతా ఫ్రీ ఫాలే. బోర్లా పడే మనిషి పది పన్నెండు సెకన్లలో గంటకి 190 కిలోమీటర్ల చిల్లర వేగం అందుకుంటాడు. అక్కడ గాలి నిరోధం బరువుకి సమానమై వేగం పెరగడం ఆగిపోతుంది. అంటే నిమిషంలో ఎక్కువ భాగం మన పాఠ్యపుస్తకం ప్రకారం అది ఫ్రీ ఫాల్ కానే కాదు. నాక్కూడా కడుపులో దేవినట్టు ఏమీ అనిపించలేదు, గాలి పరుపు మీద బోర్లా పడుకున్నట్టే ఉంది. ఇద్దరూ తప్పు కాదు. ఎవరు ఏ అర్థంలో వాడుతున్నారో తెలియకపోతేనే తంటా.

మరి తెలుగులో ఏమనాలి? ఈ ప్రశ్న నాకు మా అమ్మ దగ్గర ఎదురైంది. తెనాలికి ఫోన్ చేసి, "అమ్మా, రేపు విమానంలోంచి దూకుతున్నా" అన్నాను సరదాగా. అవతల నిశ్శబ్దం. కాసేపటికి, "ఏరా నాన్నా, ఆఫీసులో ఏమన్నా అన్నారా?" అంది.

నాకు నవ్వొచ్చింది గానీ ఆ రాత్రి పడుకున్నాక నవ్వు పోయింది. నిజమే కదా. మన భాషలో దూకడం అంటే ఏం గుర్తొస్తుంది? బావిలో దూకింది, బిల్డింగు పైనుంచి దూకాడు. రోజూ పేపర్లో మనం చదివే దూకడాలన్నీ అవే. ఇంగ్లీషు డైవ్‌లో ఈతగాడి నేర్పు ఉంటే, మన దూకడంలో ఇంకేదో చీకటి ఉంది. అమ్మ విన్నది ఆ మాటని. తప్పు ఆమెది కాదు, అనువాదం నాది.

పోనీ కొత్త పదం పుట్టిద్దామా? డైవింగ్‌కి మునక అనుకుని గగన నిమజ్జనం అంటే ట్యాంక్‌బండ్ మీద క్రేన్లు గుర్తొస్తాయి. ఆకాశ దూకుడు అంటే మహేష్‌బాబు సినిమా. గగన విహారం అంటే బాగానే ఉంది గానీ అది విమానం టికెట్టు కొన్నవాళ్ళందరూ చేసేదే. నా ఓటు స్కైడైవింగ్‌ని అలాగే ఉంచడానికే. బస్సుని, రైలుని ఉంచుకోలేదా? కాకపోతే వివరించి చెప్పేటప్పుడు క్రియ మార్చాలంటాను. మర్నాడు అమ్మకి మళ్ళీ ఫోన్ చేసి, "విమానంలోంచి గొడుగు కట్టుకుని దిగుతారమ్మా, నా వెనకాల వేలసార్లు దిగినాయన ఉంటాడు, ఒక గొడుగు తెరుచుకోకపోతే ఇంకోటి ఉంటుంది" అని చెప్పాను. శీతల్ మహాజన్ 2018లో థాయ్‌లాండ్‌లో నౌవారీ చీర కట్టుకుని దిగిన సంగతి కూడా చెప్పాను. "చీరతోనా! పిన్నులు గట్టిగా పెట్టుకుందో లేదో" అంది. అంతే, భయం పోయి వివరాల్లోకి వచ్చేసింది. దూకడం నుంచి దిగడానికి మారేసరికి మాటలోకి నేల వచ్చింది. చివరికి కాళ్ళు ఆనే చోటు ఒకటుందని ఆ మాటే చెప్తుంది.

ఇప్పుడు మళ్ళీ మా మీటింగు రూముకి.

నిజమైన స్కైడైవింగ్‌లో ఏముంటుందో చూడండి. వీపు మీద ఒకే సంచిలో రెండు పారాచూట్లు, అసలుది, రిజర్వు. అమెరికాలోనైతే అసలుది ఎవరిది వాళ్ళు మడుచుకోవచ్చు గానీ, రిజర్వుని లైసెన్సున్న రిగ్గరే మడవాలి, వాడినా వాడకపోయినా 180 రోజుల్లోపు తీసి మళ్ళీ మడవాలి. ఇద్దరు మనుషుల తెలివి పనిచెయ్యకపోయినా ఇంకోటుంటుంది, ఏఏడీ అనే చిన్న యంత్రం. 1991లో జర్మనీ నుంచి వచ్చిన సైప్రెస్ దీన్లో బాగా పేరున్నది. గాలి పీడనాన్ని బట్టి ఎత్తునీ వేగాన్నీ లెక్కేస్తూ ఉంటుంది. మామూలు మోడలైతే సుమారు 750 అడుగులకి వచ్చాక కూడా మనిషి ఇంకా పడే వేగంలోనే ఉంటే, రిజర్వుని మూసి ఉంచిన దారాన్ని చిన్న బ్లేడుతో కోసేస్తుంది. దాని పని అదొక్కటే. మనం రాసే సాఫ్ట్‌వేరులో అంత నిజాయితీగా ఒకే పని చేసేది నేనింతవరకు చూళ్ళేదు.

అన్నిటికన్నా ముఖ్యమైంది నిర్ణయపు ఎత్తు. నేర్చుకుంటున్నవాళ్ళకి అమెరికా నియమాల్లో అది 2,500 అడుగులు. అసలు గొడుగు సరిగ్గా తెరుచుకుందా లేదా, ఉంచాలా వదిలించుకోవాలా అనేది ఆ ఎత్తుకి ముందే తేలిపోవాలి. అంత ఎత్తు చేరాక ఇంకా ఒక ప్రయత్నం చేద్దాం అనే మాట లేదు. ఆ అంకె గాల్లో ఉన్నప్పుడు ఆలోచించి పెట్టుకునేది కాదు, నేల మీద చల్లగా కూర్చుని ముందే ఒప్పుకునేది.

సాఫ్ట్‌వేరు మనిషే దూకిన కథ ఒకటుంది. 2014 అక్టోబరు 24న గూగుల్ సీనియర్ వైస్ ప్రెసిడెంట్ అలాన్ యూస్టేస్ 41,419 మీటర్ల నుంచి, బామ్‌గార్ట్‌నర్ కన్నా పై నుంచి, దూకాడు. దాదాపు మూడేళ్ళు హడావుడి లేకుండా ఓ చిన్న బృందంతో సూటు దగ్గర్నుంచి ప్రతీదీ పరీక్షించుకుని చేసిన పని. గాల్లో గిరగిరా తిరగకుండా చిన్న గొడుగు కూడా పెట్టుకున్నాడు. అందుకే వేగం రికార్డు బామ్‌గార్ట్‌నర్ దగ్గరే ఉండిపోయింది. ధైర్యం కోసం స్లైడులో ఫొటో పెట్టాలనుకుంటే ఆ మూడేళ్ళ ఫొటో పెట్టాలి.

మా రిలీజు ఏమైందో ఊహించే ఉంటారు. రాత్రి 11కి మొదలైంది. ఒంటిగంటకి డేటాబేసు మార్పు సగంలో ఆగింది. వెనక్కి వెళ్దామా, ముందుకి నెడదామా? ఎవరూ ముందే అనుకోలేదు. ఇంకో అరగంట, ఇంకో అరగంట అంటూ తెల్లారింది. అంటే 2,500 అడుగులు ఎప్పుడో దాటిపోయాం, మాకు తెలీనేలేదు. సోమవారం మీటింగులో, స్క్రిప్టు నడిపినందుకు తప్పంతా ఒక కుర్రాడి మీద పడింది. చేరి 5 నెలలైంది వాడు. ఆ స్క్రిప్టుని రివ్యూ చేసింది నేను. ఆ మాట ఆ రోజు చెప్పడానికి నాకు అర్ధగంట పట్టింది. చెప్పాను, కానీ అప్పటికే వాడి ముఖం చూడలేకపోయాను. చప్పట్లు కొట్టిన చేతులు కదా.

అందుకే నా గోల ఇది. మాటల్ని అద్దెకి తెచ్చుకున్నప్పుడు పూర్తిగా తెచ్చుకుందాం. స్కైడైవింగ్ అని ఎవరైనా స్లైడు వేస్తే, "బావుందండీ, మన రిజర్వు ఏది? మన 2,500 అడుగులు ఎన్నింటికి? డర్ట్ డైవ్ ఎప్పుడు?" అని అడుగుదాం. ఈ మూడింటికీ జవాబుంటే నిజంగానే స్కైడైవింగ్, చేతులు బార్లా చాపి వెళ్దాం. లేకపోతే దానికి మన తెలుగులో పాత మాటే ఉంది, దూకడం. మా అమ్మకి అర్థమైన అర్థంలో.

పోయిన నెల రిలీజుకి నేను అడిగాను. మేనేజరు ఒక్క క్షణం చూసి, "సరే, 12:30" అన్నాడు. బోర్డు మీద రాసింది ఎవరనుకున్నారు? ఆ కుర్రాడే.